విడువవలసినది – నిలుపవలసినది
(సంఘ సమావేశమున చేసిన ప్రసంగ పాఠము)



పాతది పోవుచున్నదని పెద్దలును, పాతది వదలుట లేదని పిల్లలును వాదించుకొనుట మన ఇండ్లలో నిత్యము వినుచున్నదే. నిజముగా ఏది పోవుచున్నదో, ఏది నిలుచుచున్నదో నెమ్మదిగా విచారింపుడు.

ఈ మధురలో నాయకరాజుల సభలయందు తెలుగు వెలసినది. విజయరంగ చొక్కనాథుని కాలమున సముఖము వేంకటకృష్ణప్ప నాయకుడు జైమినిభారతమును వచనముగా రచించెను. కావ్యమనిన పద్యమే యనుకొను దినములలో అది క్రొత్త పోకడయే. కోయంబత్తూరున 1937లో విద్యుత్ మోటారు నిర్మాణమునకు తోడ్పడిన జి.డి. నాయుడుగారును తెలుగింటి బిడ్డయే. కావున క్రొత్తదనము మనకు పరాయిది కాదు. యంత్రము మన భాషను చెరుపలేదు. మన ఉపేక్షయే చెరుపుచున్నది.

నా ఇంటి సంగతియే చెప్పెదను. మా అమ్మగారు మంగళహారతులను, పెండ్లిపాటలను ఒక నోటుపుస్తకమున వ్రాసికొనిరి. ఆమె గతించిన పిమ్మట, కాలేజీలో చదువుచున్న నా కుమార్తె దానిని తెచ్చి, "నాయనా, అవ్వ ఇందులో ఏమి వ్రాసినది?" అని అడిగినది. ఇంట తెలుగు మాటలాడు బిడ్డకు తెలుగక్షరము రాదు. తమిళమున చదువుకొన్న నేనును కూడబలుకుకొని రెండు పుటలు చదువుసరికి తల వంచుకొంటిని. నేర్పనిది నేనే గదా!

అదే ఇంట పెండ్లిమాట వచ్చినప్పుడు మాత్రము, కట్నము "మన ఆచారము" అని బంధువులు జ్ఞప్తికి దెచ్చిరి. 1961 నాటి చట్టము నిషేధించినను కట్నము పోలేదు. తాతల అక్షరము పోయినది. విడువవలసినదానిని పట్టుకొని, పట్టుకొనవలసినదానిని విడిచితిమి.

ప్రాచీన వైభవమునకు వారసులమని గర్వించు గ్రీకులును ఇట్టి తగవే పడిరి. 1976లో గ్రాంథికమును విడిచి వాడుకభాషను బడులలో నిలిపిరి. 1983లో కట్నపు విధిని చట్టమునుండి తొలగించిరి. అంతమాత్రమున వారు గ్రీకులు కాకపోలేదు.

2006 నాటి చట్టముచే తమిళనాట బడులలో తమిళము తప్పనిసరి యైనది. అది మనకు అన్నము పెట్టిన నేల భాష. దానితో మనకు తగవు లేదు. ప్రాథమిక దశలో మాతృభాషాబోధకు వసతి కల్పింపవలెనని రాజ్యాంగపు 350ఎ అధికరణము చెప్పుచున్నది. ఆ వసతిని కోరుటకైనను, నేర్చుకొందుమను పిల్లలు మనకుండవలెను గదా!

నా మనవులు మూడు. ఆదివారము ఒక గంట అక్షరములు నేర్పుదము. శుభలేఖలో ఒక పుట తెలుగున అచ్చు వేయింతము. కట్నము పుచ్చుకొను పెండ్లికి సంఘపు పెద్దలము పోకుందము.

మా అంగడి మేడమీది గది సిద్ధముగా నున్నది. పలకలు నేను తెచ్చెదను. మొదటి వరుసలో నా కుమార్తెయు, ఆమె ప్రక్కన నేనును కూర్చుందుము. మీ పిల్లలను పంపుడు.