మన బందరు పేరు

(వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



కార్యదర్శిగారు నన్ను ఊరి చరిత్ర చెప్పమన్నారు. నాకిచ్చిన పది నిమిషాల్లో అది అయ్యే పని కాదు. ఊరి పేరు ఒక్కటీ చెప్పి కూర్చుంటాను. దానికో కారణం ఉంది.

మా అమ్మాయి కొడుకు హైదరాబాదులో చదువుతున్నాడు. హాస్టల్లో మీదే ఊరని అడిగితే "బందర్" అన్నాడట. గదంతా ఒకటే నవ్వు. ఉర్దూలో బందర్ అంటే కోతి కదా! ఆనాటినుంచి వాడు "విజయవాడ దగ్గర" అని చెప్పుకుంటున్నాడు. "నానా, ఆ పేరు నేనింక చెప్పను" అన్నాడు నాతో. ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదంటే నమ్మండి.

ఉర్దూ లిపిలో రాస్తే రెండూ ఒకలాగే ఉంటాయి, నిజమే. కాని పుట్టుక వేరు. కోతి బందర్ సంస్కృతంలోని వానర శబ్దంనుంచి వచ్చింది. మన బందరు పారశీకపు మాట. ఓడలాగే రేవని అర్థం. ఇరాన్‌లో బందర్ అబ్బాస్ ఉంది. గాంధీగారు పుట్టింది పోరుబందరులో. బ్రూనై రాజధాని బందర్ సెరి బెగవాన్‌లో ఉన్నదీ ఈ మాటే. కుతుబ్‌షాహీల కాలంలో మన రేవు అధికారిని షాబందర్ అనేవారు. మరి ఆయన్ని చూసి ఎవరైనా నవ్వారా?

ఇక మచిలీపట్నం. పారశీకంలో రాసేవారు దీన్నే మచ్లీబందర్ అన్నారు. మన కోస్తాలో రేవు ఊళ్ళకు పట్నం అని చేర్చడం వాడుక. భీమునిపట్నం, నిజాంపట్నం, కృష్ణపట్నం చూడండి. అంటే బందరన్నా పట్నమన్నా ఒకటే, భాష మారిందంతే. పూర్వం ఊరి ద్వారానికి పెద్ద చేప కన్ను అమర్చారనీ, అందుకే ఈ పేరొచ్చిందనీ మా దాదీ చెప్పేది. కథ బాగానే ఉంది. అయితే రెండో శతాబ్దంలోనే గ్రీకు పండితుడు టాలమీ ఈ తీరాన్ని మైసోలియా అని రాశాడు. అంతకుముందే మరో గ్రీకు నావికుడు మసాలియా అన్నాడు, ఇక్కడ సన్నబట్టలు విస్తారంగా నేస్తారని కూడా రాసుకున్నాడు. నన్నడిగితే ఆ పాత పేరే జనం నోళ్ళలో నలిగి మచిలి అయింది, చేప తర్వాత వచ్చి చేరింది.

బట్టల మాటొచ్చింది కాబట్టి చెబుతాను. 1605లో డచ్చివారు, 1611లో ఇంగ్లీషువారు ఇక్కడికి వచ్చింది ఈ బట్టకోసమే. మన కలంకారీ ఓడలెక్కి బందర్ అబ్బాస్‌కు వెళ్ళేది. ఒక బందరునుంచి ఇంకో బందరుకు! కలంకారీ కూడా పారశీకపు మాటే. మనవాళ్ళు కలం వదిలి చెక్క అచ్చులతో అద్దుతారు, అయినా పేరు మాత్రం కలానిదే.

1864 నవంబరు 1 రాత్రి తుపానుకు సముద్రం ఊరిమీద పడింది. సుమారు 30,000 మంది పోయారు. ఆ దెబ్బనుంచి రేవు మళ్ళీ తేరుకోలేదు. రేవు పోయినా పేరు నిలిచింది. విజయవాడలో బోర్డుమీద మహాత్మాగాంధీ రోడ్డని ఉన్నా, పాతవాళ్ళు బందరు రోడ్డనే అంటారు. 2023లో మంగినపూడి వైపు కొత్త రేవు పనులు మొదలయ్యాయి.

ఇదంతా మా మనవడికి చెప్పాను. విన్నాడు, ఏమీ అనలేదు. మొన్న సెలవులయ్యాక వెళ్తూ స్నేహితులకని రెండు కిలోల బందరు లడ్డు పట్టుకెళ్ళాడు. అది ఏ ఊరి లడ్డు అని చెప్పాడో, నేనింకా అడగలేదు.