తలుపు మీదే పాస్‌వర్డ్ రాసిన కెలెబ్రింబోర్

టోల్కీన్ ‘ది ఫెలోషిప్ ఆఫ్ ది రింగ్’ (1954)లో మోరియా పడమటి తలుపు గుర్తుందా? తలుపు చేసింది నార్వి అనే డ్వార్ఫ్. దాని మీద అక్షరాలు గీసింది మాత్రం కెలెబ్రింబోర్ అనే ఎల్ఫ్. లిపి తాతగారిది, ఫెయనోర్ తయారుచేసిన తెంగ్వార్. వాడిన లోహం ఇథిల్దిన్. వెన్నెల్లోనో చుక్కల వెలుగులోనో తప్ప కనిపించదు.

గాండాల్ఫ్ అంతటివాడే దాన్ని తప్పు చదివాడండి! మిత్రుడైనవాడు పాస్‌వర్డ్ చెప్పాలేమో అనుకుని, తెలిసిన మంత్రాలన్నీ ట్రై చేశాడు. తీరా చూస్తే ‘మిత్రుడు’ అన్న మాటే పాస్‌వర్డ్. ఎల్ఫుల భాషలో ‘మెల్లోన్’.

నేను జాబ్‌లో ఉన్నప్పుడు పాస్‌వర్డ్ కాగితం మీద రాసి మానిటర్‌కి అంటించి తిట్లు తిన్నాను లెండి. అందుకే మొదట చదివినప్పుడు నవ్వొచ్చింది. కానీ అవి ఎల్ఫులు, డ్వార్ఫులు కలిసిమెలిసి ఉన్న రోజులు. ఎవరిని ఆపాలి?

ఆ నమ్మకమే కొంప ముంచింది. సౌరాన్ మారువేషంలో, అన్నతార్ అనే పేరుతో వచ్చి ఉంగరాల విద్య నేర్పాడు. మూడు ఉంగరాలు మాత్రం కెలెబ్రింబోర్ ఒక్కడే చేశాడు, దాచేయించాడు. తర్వాత యుద్ధంలో దొరికిపోయాడు. చిత్రహింసలకి ఏడు ఉంగరాల సంగతి చెప్పేశాడు. ఆ మూడింటి గురించి మాత్రం నోరు విప్పలేదు. చంపేసి, శవాన్ని జెండాలా మోయించాడు సౌరాన్.

ఇదంతా 1980లో వచ్చిన ‘అన్‌ఫినిష్డ్ టేల్స్’లో ఉంది. ఆ మూడు ఉంగరాలు ఎవరి చేతికి వెళ్లాయో నెక్స్ట్ ఎపిసోడ్‌లో చూద్దాం.