మస్టరు రోలులో ఎక్కని నెలలు
(సంఘ వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



డి.ఎ. బకాయిల సంగతి, హెల్తు కార్డుల సంగతి కార్యదర్శి గారు చెప్పేశారు. నన్ను యన్.యం.ఆర్.ల విషయం మాట్లాడమన్నారు. ఇరిగేషను శాఖలో ముప్పయ్యేళ్ళకు పైగా గుమాస్తాగా చేసిన వాణ్ణి, ఆ విషయం నాకు తగినదే. ఎంత తగినదో కూడా ఇవాళ చెప్పేస్తాను.

మన పిల్లలకు తెలియదు గనుక ఒక మాట. యన్.యం.ఆర్. అంటే నామినల్ మస్టర్ రోలు. అందులో పేరు ఎక్కిన రోజుకే కూలి, ఎక్కిన రోజులే సర్వీసు.

1994 ఏప్రిల్ 22న జి.ఓ. 212 వచ్చింది. 25-11-1993 నాటికి అయిదేళ్ళ సర్వీసు పూర్తి చేసి, పనిలో కొనసాగుతున్న వారిని ఖాళీ పోస్టుల్లో క్రమబద్ధం చేయవచ్చునన్నారు. అర్హత, వయస్సు, రిజర్వేషను నిబంధనలు మామూలే. అంటే 1988 నవంబరుకు ముందు నుంచీ మస్టరులో ఉండాలన్నమాట.

కృష్ణా డెల్టాలో మా సబ్ డివిజనుకు 1987 వేసవిలో ఒక కుర్రవాడు పనికి వచ్చాడు. ఇరవై మూడేళ్ళుంటాయి. లాకుల దగ్గర షట్టర్లు ఎత్తేవాడు, కాలువలో పీకల్లోతు దిగి గుర్రపుడెక్క తీసేవాడు, వానాకాలం రాత్రుళ్ళు గట్టు మీదే ఉండేవాడు. కొత్తవాళ్ళకు వరుసగా సర్వీసు పడకుండా చూడమని పైనుంచి నోటిమాట. కాగితం మీద ఉండదు సుమండీ, అలాంటివి ఎప్పుడూ ఉండవు. అందుచేత కొన్ని నెలలు అతని పేరున, కొన్ని నెలలు అతని అన్న పేరున రాసేవాళ్ళం. రాసింది నేనే. కూలి డబ్బు మాత్రం అణా పైసలతో అతని చేతికే ఇచ్చేవాణ్ణి. ఒక్క రూపాయి తినలేదని నాకు గర్వం కూడాను.

1994లో జాబితా తయారు చేసిందీ నేనే. రికార్డు ప్రకారం అతని సర్వీసు వరుసగా ఉన్నది 1989 మార్చి నుంచి. మూడు నెలల చిల్లర తక్కువ.

నా బల్ల దగ్గరకు వచ్చి నిలబడ్డాడు. "మా అన్న పేరు రాసింది మీరే కదా బాబుగారూ, ఆ ముక్క చెప్పండి చాలు" అన్నాడు.

ఆ ముక్క నోటులో పెడితే తప్పుడు మస్టరు రాసినందుకు నాకు ఛార్జి మెమో. ఇంట్లో పెళ్ళికి ఎదిగిన ఆడపిల్లలు ఇద్దరు. "రికార్డు ప్రకారం అర్హత లేదు" అని రాసి పంపించాను. ఆ వాక్యంలో అబద్ధం ఏదీ లేదు చూడండి!

అతని తరువాత చేరినవాడొకడు పర్మనెంటై ఇవాళ మనలాగే పెన్షను తీసుకుంటున్నాడు. ఇతను రోజు కూలీగానే ఉండిపోయాడు. 2006లో సుప్రీంకోర్టు ఉమాదేవి కేసులో మంజూరైన పోస్టులో పదేళ్ళు చేసిన వారికి ఒక్కసారికి అవకాశం ఇచ్చింది గాని, ఇతనికి మంజూరైన పోస్టే లేదు. 2024 డిసెంబరులో అదే కోర్టు కేంద్ర జల సంఘంలో ఏళ్ళ తరబడి ఊడ్చిన ఆడవాళ్ళను, తోటమాలిని క్రమబద్ధం చేయమంది. పేపరులో చదివి సంతోషించాను. ఆ వెంటనే ఇతని వయస్సు లెక్కవేశాను. అరవై దాటింది.

పోయిన ఏడాది బస్టాండులో కనబడ్డాడు. "నాకూ పెన్షనొచ్చిందండి బాబుగారూ" అన్నాడు. వృద్ధాప్య పెన్షను, నెలకు 4,000. ఎత్తిపొడుపు కాదు, నిజంగానే చెప్పాడు. నాకు తల ఎత్తబుద్ధి కాలేదు.

తరువాత ఏ నెలలు ఎవరి పేరున రాశానో గుర్తున్నంతవరకు స్టాంపు కాగితం మీద రాసి, నోటరీ చేయించి, అతని ఇంటికి తీసుకెళ్ళి ఇచ్చాను. "ఇప్పుడెందుకండీ" అంటూనే రేషను కార్డున్న ప్లాస్టిక్ కవరులో పెట్టుకున్నాడు. వకీలుగారు ఆశ పెట్టుకోవద్దన్నారు.

మన ఇళ్ళలోనే ఔట్‌సోర్సింగులో చేసే మనుమలున్నారు. పి.ఎఫ్. నెంబరు, జీతం చీటీ, హాజరు నకలు ఇంట్లో దాచుకోమనండి, ఆఫీసును నమ్ముకోవద్దనండి. ఎస్టాబ్లిష్‌మెంటులో, అకౌంట్సులో చేసిన మిత్రులకు కూడా ఇలాంటివి గుర్తుంటాయి. నా కాగితం నకలు కార్యదర్శి గారి దగ్గర ఉంచాను. రాయదలచిన వారు నమూనాగా తీసుకోవచ్చును.

సెలవు.