వెలుగు, చూపు, తెలివి
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగపాఠము)



ఇరువదియైదేండ్లుగా మన గ్రామమును కనిపెట్టుకొనియున్న ఈ గ్రంథాలయమును ఇంతకుముందు మాటలాడిన పెద్దలు దీపముతో పోల్చిరి. పోలిక బాగున్నది. అయితే దీపమున్నంత మాత్రమున అన్నియు కనబడునా? అసలు చూపనగా నేమి? ఈ ప్రశ్నను మన పూర్వులు మిక్కిలి పట్టుదలతో విచారించిరి. నేను గురుముఖమున శాస్త్రము చదివినవాడను కాను. గ్రామపు లెక్కలు వ్రాసికొనుచు, తీరిక వేళల టీకాతాత్పర్యముల సాయముతో తెలిసికొన్న నాలుగు మాటలు మనవి చేసెదను.

తర్కము నేర్వదలచినవారు మొదట చేపట్టు పుస్తకము తర్కసంగ్రహము. దానిని రచించిన అన్నంభట్టు 17వ శతాబ్దమునాటి ఆంధ్రుడు. బాలురకు సులభముగా బోధపడుటకై వ్రాసిన చిన్న గ్రంథమది. దానికి దీపిక యను వ్యాఖ్యను కూడ ఆయనయే వ్రాసెను. ద్రవ్యములు తొమ్మిదియని చెప్పి, అందు మూడవదైన తేజస్సును నాలుగు విధములుగా విభజించెను. పొయ్యిలోని నిప్పు ఒకటి. ఆకాశమున మెరయు మెరుపు వంటిది రెండవది. తిన్న అన్నమును అరిగించు జఠరాగ్ని మూడవది. గనిలో దొరకు బంగారము నాలుగవది. మన చూపునకు సాధనమైన ఇంద్రియము కూడ తేజస్సేయని, అది నల్లగ్రుడ్డు కొనయందుండునని చెప్పెను.

కన్ను తేజస్సు గనుక దాని కిరణము వెలుపలికి పోయి వస్తువును తాకుననియు, తాకినగాని చూపు లేదనియు నైయాయికుల మతము. తాకకయే చూడగలిగినచో గోడ వెనుకనున్నది ఏల కనబడదని వారడిగిరి. రాత్రివేళ తిరుగు జంతువుల కన్నులు మెరయుటను న్యాయసూత్రములు సాక్ష్యముగా చూపినవి. బౌద్ధులు దీనికి ఒప్పుకొనలేదు. చెంతనున్న చెట్టుకొమ్మయు, అంత దూరమునందలి చంద్రబింబమును కన్ను తెరచినంతనే ఒక్కసారిగా ఎట్లు కనబడునని ఎదురు ప్రశ్న వేసిరి. నూరు రేకుల దొంతరను సూదితో గ్రుచ్చినప్పుడు ఒక్కొక్క రేకే తెగినను మనకు అన్నియు ఒకేసారి తెగినట్లు తోచును గదా, కిరణముల వేగము కూడ అట్టిదేయని నైయాయికులు బదులు చెప్పిరి.

ఈ వాదమునకు తీర్పు అన్యదేశములలో జరిగినది. 11వ శతాబ్దపు తొలినాళ్లలో కైరో నగరమున నివసించిన ఇబ్న్ అల్ హైతం అను పండితుడు, వెలుగే వస్తువునుండి కంటిలోనికి వచ్చునని పరీక్షలు చేసి చెప్పెను. కంటి వెనుకటి పొరమీద వస్తువుయొక్క రూపము పడునని 1604లో కెప్లర్ వివరించెను. పిల్లికన్ను వెలుతురును పుట్టించునది కాదు. బయటి వెలుతురు లోపలి పొరను తాకి తిరిగివచ్చుటచే మెరయును. కారుచీకటిలో అదియు మెరయదు. కావున కన్ను కిరణమును పంపునను మాట నిలువలేదు.

అంతమాత్రమున తర్కమును అటకమీద పెట్టనక్కరలేదు. కన్ను, వెలుగు, వస్తువు మూడును ఉన్నను మనస్సు కూడనిదే జ్ఞానము కలుగదని వారు చెప్పిన మాట నేటికిని చెల్లును. మార్కాపురపు పలకమీద అక్షరము నలుపుపై తెలుపుగా ఎదుటనే యున్నను, మనసు వీధిలోనున్న పిల్లవానికి అది కనబడదు.

పొరబాటు ఎట్లు పుట్టునో కూడ వారు విచారించిరి. మునిమాపున దూరపు మోడును చూచి మోడా, మనిషియా యని తటపటాయించుట సంశయము. ముత్యపుచిప్పను వెండి యనుకొనుట విపర్యయము. మన మెట్టసీమవారికి చిప్పకంటె ఎండమావి బాగుగా తెలియును. వేసవి మిట్టమధ్యాహ్నమున కంబము చెరువు నీరును, బయలులోని ఎండమావియు దూరమునకు ఒక్కతీరుగనే మెరయును. కంటికి తోచిన మెరుపు నిజమే. నేలమీది వేడిగాలి ఆకాశపు వెలుగును వంచి మనకు చూపుచున్నది. దానిని నీరని నిర్ణయించుటలోనే భ్రమ యున్నది. మరి నిజము తేలుటెట్లు? కడవ ముంచి చూడవలెను. నమ్మి చేసిన పని ఫలించినచో ఆ జ్ఞానము యథార్థమని నైయాయికుల పరీక్ష.

ఇక చీకటి మాట. అది నల్లగానున్నది, దీపము కదలిన తానును కదలుచున్నది గనుక ద్రవ్యమేయని మీమాంసకులలో భాట్టులు వాదించిరి. వెలుగు లేకపోవుటయే చీకటియని అన్నంభట్టు సిద్ధాంతము. అయినచో లేనిదానిని కన్ను ఎట్లు చూచును? నేలమీద కుండ లేకపోవుటను కన్నే గ్రహించుననియు, అయితే కుండ యననేమో ముందెరిగినవానికే ఆ లేమి తెలియుననియు తార్కికులు సమాధానము చెప్పిరి.

నా వృత్తిలో ఇది నిత్యానుభవము. పొలము గట్టున సర్వేరాయి లేదు. దారినపోవువానికి అచ్చట కంపయు మట్టియు మాత్రమే కనబడును. పటము చదివినవానికి ‘ఇచ్చట రాయి యుండవలెను, లేదు’ అని కనబడును. భర్త పోయిన పిమ్మట పట్టాదారు పుస్తకములో తన పేరు ఎక్కలేదని చదువురాని ఇల్లాలికి ఎట్లు తెలియును? పుస్తకము చేతిలోనే యుండును, పట్టపగలు వెలుతురుండును, కన్నులుండును. అయినను ఆ లేమి ఆమెకు కనబడదు. కొన్నాళ్లకు పొలమే కనబడకుండ పోవును.

గట్టు తగాదాలలో ఇరుపక్షములవారును ‘నా కంటితో చూచితిని’ అందురు. ఇరువురును అబద్ధమాడువారు కాకపోవచ్చును. ఎంత దూరమునుండి చూచితివి, ఏ వెలుతురులో చూచితివి, ఏ కోపముతో చూచితివి అని అడిగినచో కొన్ని తగాదాలు రచ్చబండ దగ్గరనే తీరును. అడుగనిచో అన్నదమ్ములు అరయెకరము కొరకు కోర్టుకెక్కి రెండెకరములు అమ్ముకొందురు. నేడు ఫోనులో బొమ్మను చూచి, ఎవరు తీసిరో, ఎప్పుడు తీసిరో విచారింపక పొరుగువానిపై పగబూనువారును కలరు. వారందరును మునిమాపున మోడును చూచి కఱ్ఱయెత్తినవారే.

కావున సభ్యులకు నాదొక మనవి. పుస్తకము ఇంటికి తీసికొనిపోయినప్పుడు చదువురానివారికి దినమునకు ఒక పుటయైనను చదివి వినిపింపుడు. ఓపికయున్నవారికి అక్షరములు దిద్దించుడు. ముందుగా వారి పట్టా పుస్తకమునే తెరచి, అందేమున్నదో, ఏమి లేదో చూపుడు. ఈ గ్రంథాలయపు స్వర్ణోత్సవము నాటికి, తన పేరు ఉన్నదో లేదో తానే చదువుకొనలేని ఇల్లాలు మన గ్రామమున ఒక్కతెయు ఉండరాదని కోరుచున్నాను.