పండ్ల ఆమ్లాలు - మన చర్మం
(వార్షిక సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



36 ఏళ్ల సర్వీసులో చదవకుండా ఏ కాగితం మీదా సంతకం పెట్టలేదు. నిరుడు నవంబరులో మాత్రం మనవరాలి క్రీము, డబ్బా మీద ఏముందో చూడకుండానే ముఖానికి రాసుకుని, లైఫ్ సర్టిఫికెట్ కోసం ఎండలో గంటసేపు నిలబడ్డాను. సాయంత్రానికి బుగ్గలు కమిలిపోయాయి. సిగ్గుపడి ఇంట్లో చెప్పలేదు. మూడోనాటికి తోలు ఊడింది.

అందులో ఉన్నది గ్లైకాలిక్ ఆమ్లమని డాక్టరుగారు చెప్పారు. అది చెరకులో ఉంటుంది. పెరుగులోని లాక్టిక్ ఆమ్లం, చింతపండులోని టార్టారిక్ ఆమ్లం దానికి దాయాదులు. వీటినే ఆల్ఫా హైడ్రాక్సీ ఆమ్లాలంటారు. పైచర్మంలోని మృతకణాల పట్టును ఇవి సడలిస్తాయి. ఆ పొర రాలి చర్మం నునుపవుతుంది. అయితే ఎండకు త్వరగా కములుతుంది. క్రీము మానేశాక కూడా వారంపాటు ఎండ తగలకుండా చూసుకోవాలన్న హెచ్చరికను డబ్బాలపై వేయాలని అమెరికా ఎఫ్.డి.ఎ. 2005లో సూచించింది.

కనుక మిత్రులారా! ఆమ్లం 10 శాతం మించని క్రీమునే తీసుకోండి. ముందు మోచేతి లోపలివైపు కొద్దిగా రాసి చూడండి. రాత్రిపూటే వాడండి. పగలు సన్‌స్క్రీన్, గొడుగు మరువకండి. షుగరు ఉన్నవారు డాక్టరును అడగనిదే కాళ్ల పగుళ్లకు రాయవద్దు.

డబ్బా మీది అక్షరాలు సన్నవి. కళ్లజోడు పెట్టుకుని చదవండి. సెలవు.