దాచుకున్న పేరు, దాటిపోయిన రంగు

  

నేటి సభలో మేము ఎన్నుకున్న విషయం కొందరికి దూరపు మాటగా తోచవచ్చు. అమెరికాలో నల్లజాతి కుటుంబంలో పుట్టి, ఒంటిరంగు తెల్లగా ఉన్నందువల్ల, తమ పుట్టుకను దాచి తెల్లవారిగా బ్రతికినవారు ఉన్నారు. దీనిని ఆంగ్లంలో 'పాసింగ్' అంటారు. తెలుగులో దీనికి సరిపోయే మాట మాకు దొరకలేదు. 'వేషం' అందామంటే అందులో నింద వినిపిస్తుంది. కనుక 'రంగు దాటడం' అని వాడుకుంటాము.

ఒంటిరంగు తెల్లగానే ఉన్నప్పుడు దాటవలసిన గీత ఎక్కడ ఉన్నది? చట్టంలో ఉన్నది. 1892లో లూసియానాలో హోమర్ ప్లెస్సీ తెల్లవారి రైలుపెట్టెలో కూర్చుని అరెస్టు అయ్యాడు. ఎనిమిది మంది ముత్తాతలు, ముత్తవ్వలలో ఒక్కరే నల్లవారు. చూపుకు ఆయన తెల్లవాడే. ఆ చట్టాన్ని సవాలు చేయాలని స్థానిక సంఘమొకటి ముందే ఏర్పాటు చేసుకున్న ప్రతిఘటన అది. 1896లో సుప్రీంకోర్టు ఆ వేర్పాటును సమర్థించింది. 1924లో వర్జీనియా ఇంకా ముందుకు పోయి, ఒక్క చుక్క నల్లరక్తమున్నా తెల్లవారు కారని చట్టం చేసింది. అందులోని వివాహ నిషేధం 1967లో గాని రద్దు కాలేదు. జాతి కంటికి కనిపించేది కాదు, కాగితం మీద నిర్ణయమయ్యేది అని చెప్పటానికి ఇంతకన్న సాక్ష్యం అక్కరలేదు.

ఈ నేపథ్యంలో 1929లో నెల్లా లార్సెన్ వ్రాసిన నవల పేరే 'పాసింగ్'. మండు వేసవిలో షికాగోలోని ఒక పెద్ద హోటల్లో ఐరీన్, క్లేర్ అనే చిన్ననాటి స్నేహితురాళ్ళు కలుసుకుంటారు. ఇద్దరూ అక్కడ తెల్లవారిగానే కూర్చున్నారు. ఐరీన్‌ది ఒక్క పూట చల్లదనం కోసం చేసిన పని. క్లేర్‌ది జీవితం మొత్తం. క్లేర్ భర్త నల్లవారిని ద్వేషించే తెల్లవాడు. తన భార్య ఎవరో అతనికి తెలియదు. ఆమె గర్భవతిగా ఉన్న నెలలన్నీ, పుట్టే బిడ్డ రంగు తన రహస్యాన్ని బయట పెడుతుందేమోనన్న భయంతో గడిచినవే. తల్లి కాబోయే స్త్రీ అలా భయపడవలసి రావటాన్ని మించి ఆ వ్యవస్థ మీద వేరే నేరారోపణ అక్కరలేదని మా అభిప్రాయం. చివరికి క్లేర్‌ను హార్లెమ్‌కు లాక్కువచ్చేది డబ్బు కాదు, తనవారి నవ్వులు, తనవారి మాటలు.

ఈ నవలను 2021లో రెబెకా హాల్ నలుపు తెలుపుల్లో చలనచిత్రంగా తీశారు. ఆమె తాతగారు స్వయంగా రంగు దాటిన మనిషి. తెర మీద ఒకే ముఖం ఒక వెలుగులో తెల్లగా, మరొక వెలుగులో నల్లగా కనిపిస్తుంది. ఈ కథకు రంగుల చిత్రం పనికిరాదని ఆమె తీసుకున్న నిర్ణయం సరైనది.

సినిమా మాట వచ్చింది గనుక ఒక పిట్టకథ. 1934 నాటి 'ఇమిటేషన్ ఆఫ్ లైఫ్'లో తల్లిని కాదని తెల్లవారిలో కలిసిపోయే కూతురి పాత్రను ఫ్రెడీ వాషింగ్టన్ ధరించారు. ఆమె నల్లజాతి నటి. తెల్లదానిగా చెప్పుకుంటే వేషాలు దొరికేవి, అయినా ఆమె ఒప్పుకోలేదు. 1959లో అదే కథను మళ్ళీ తీసినప్పుడు ఆ పాత్రను నల్లజాతికి చెందని సూసన్ కోనర్‌కు ఇచ్చారు. రంగు దాటిన అమ్మాయి వేషం వేయటానికి కూడా నల్లజాతి అమ్మాయికి అవకాశం లేకపోయింది!

మేము అన్నిటికన్న ఎక్కువగా ఆలోచించిన పుస్తకం బ్రిట్ బెనెట్ 2020లో వ్రాసిన 'ది వానిషింగ్ హాఫ్'. లూసియానాలో మాలర్డ్ అనే కల్పిత ఊరిలో కవల అక్కచెల్లెళ్ళు. వారి చిన్నతనంలోనే తండ్రిని తెల్లవారు చంపేశారు. పెద్దయ్యాక స్టెల్లా తెల్లదానిగా మారి, యజమానినే పెళ్ళాడి లాస్ ఏంజెలెస్‌లో సంపన్నుల పేటలో స్థిరపడుతుంది. ఆ పేటలోకి ఒక నల్లజాతి కుటుంబం రాబోతున్నదని తెలిసినప్పుడు, ఇరుగుపొరుగు సమావేశంలో లేచి వారిని రానివ్వవద్దని వాదించేది స్టెల్లాయే. గీత దాటినవారే గీతకు కావలి కాయటం ఎంత సహజంగా జరుగుతుందో రచయిత్రి చూపించారు. తెల్లవారు తనను పోల్చుకోలేరు, తనవారు పోల్చుకుంటారు. స్టెల్లా భయమంతా అదే.

రంగు దాటటానికి తలపాగా కూడా పనికివచ్చింది. న్యూయార్కుకు చెందిన నల్లజాతి క్రైస్తవ బోధకుడు జెస్సీ రౌటే 1943లో అలబామాలోని మొబీల్ నగరంలో అవమానాల పాలయ్యాడు. 1947లో తలపాగా చుట్టి, పొడవాటి అంగీ తొడిగి మళ్ళీ అదే నగరానికి వెళితే గౌరవంగా ఆదరించారు. మనిషి అతడే, రంగూ అదే. తూర్పుదేశపు పెద్దమనిషి అనుకోవటమే తేడా. అంతకు ముందు, 19వ శతాబ్దం చివర, హుగ్లీ ప్రాంతం నుంచి కుట్టుపని చేసిన గుడ్డలు అమ్ముకోవటానికి న్యూ ఆర్లీన్స్ చేరిన బెంగాలీ ముస్లింలు కొందరు నల్లజాతి కుటుంబాలలో పెళ్ళిళ్ళు చేసుకుని అక్కడే ఉండిపోయారు. వివేక్ బాల్డ్ 2013లో 'బెంగాలీ హార్లెమ్' అన్న గ్రంథంలో ఈ చరిత్రను వెలికితీశారు.

ఇక మన దగ్గర. రంగుకు, పేరుకు పోలిక పూర్తిగా కుదరదని ముందే ఒప్పుకుందాం. యూసుఫ్ ఖాన్ దిలీప్ కుమార్ అయినా, మహజబీన్ బానో మీనాకుమారి అయినా, వారు ముస్లింలని లోకానికి తెలుసు, అవి తెరపేర్లు. నందితా దాస్ 2008లో తీసిన 'ఫిరాక్' వేరు. 2002 గుజరాత్ మారణకాండ జరిగిన నెల తరువాతి కథ అది. హిందూ భార్య ఉన్న సమీర్ షేక్ అనే చదువుకున్న, స్థితిమంతుడైన వ్యక్తి తన ఇంటిపేరు పలకటానికి భయపడతాడు. ఆ సంకోచం మనలో ఎంతమందికి పరిచితమో ఈ సభలో చేతులెత్తించి అడగనక్కరలేదు.

అలా పేరు దాచినవారిని పిరికివారని, ఈమాన్ తక్కువవారని తేలికగా అనేవారు మనలో ఉన్నారు. వారికి అమ్మార్ బిన్ యాసిర్ (రజి) ఉదంతం గుర్తు చేస్తాము. ఆయన తల్లి సుమయ్యా (రజి) హింసకు లొంగక షహీద్ అయ్యారు. అమ్మార్ మాత్రం చిత్రహింస భరించలేక శత్రువులు అనమన్న మాట అని, ఏడుస్తూ ప్రవక్త (స) సన్నిధికి వచ్చారు. ప్రవక్త ఆయనను గద్దించలేదు, ఓదార్చారు. మనసు విశ్వాసంతో నిండి ఉండగా బలవంతం మీద అన్నవారిని మినహాయించిన ఆయత్ నహ్ల్ సూరాలో ఉన్నది. తల్లిని గౌరవించిన సమాజమే కొడుకునూ దగ్గరకు తీసుకున్నది. అద్దె ఇంటి కోసం పేరు మార్చి చెప్పటం, ప్రాణం మీదికి వచ్చినప్పుడు మాట జారటం ఒకటేనా అని ఉలమాలు అడగవచ్చు. ఒకటి కాదు. అయితే విచారణ ఎవరి దగ్గర మొదలుపెట్టాలి? పేరు విని తలుపు మూసినవారి దగ్గరనా, మూయించుకున్నవారి దగ్గరనా?

మన తెలుగు సాహిత్యం ఈ పని కొంత చేసింది. 1991లో ఖాదర్ మొహియుద్దీన్ 'పుట్టుమచ్చ'తో మనమీద వేసిన ముద్రను గురించి మాట్లాడారు. స్కైబాబ 'వెజిటేరియన్స్ ఓన్లీ' కథ ఇల్లు వెతుక్కునే ముస్లింల గురించినది. అసలు పేరు చెప్పి తిరస్కారం పొందినవారి బాధ అలా నమోదయింది. వేరే పేరు చెప్పి ఇల్లు సంపాదించినవారి కథ మాకు చదవాలని ఉన్నది. మెట్ల మీద 'అమ్మీ' అని పిలవవద్దని పిల్లవాడికి నేర్పే తల్లి, రమజాన్‌లో సహరీ వేళ వంటింటి దీపం వెలిగించాలా వద్దా అని తడబడే కోడలు, ఊరి నుంచి గడ్డంతో వచ్చిన మామగారిని ఇరుగువారికి ఏమని పరిచయం చేయాలో తెలియని అల్లుడు. ఇవి వ్రాయగల అక్కచెల్లెళ్ళు ఈ సభలోనే ఉన్నారు.