గుట్ట మీద ఎవరి కెమెరా?

(బోధన్‌లో యువకులకు సినిమా చూపించే ముందు చేసిన ప్రసంగ పాఠం)



మేము బడి పంతుళ్లం. పర్వతం బొమ్మ గీయమంటే పిల్లలు ఏం గీస్తరు? రెండు ముక్కోణాలు, నడుమ పొద్దు. మా బడి వెనుక గుట్ట ఉన్నది. దాని మీద ముక్కోణం ఒక్కటి లేదు. అన్నీ గుండ్రటి బండలు, ఒకదాని మీద ఒకటి ఎక్కి కూచున్నయి. అయినా పిల్లగాడు కండ్ల ముందటి గుట్టను గీయడు, పుస్తకంలోని గుట్టనే గీస్తడు. నీ కన్ను అబద్ధం, పుస్తకం నిజం అని వానికి నేర్పింది ఎవరు? మేమే.

ఈ తప్పులో సినిమాకూ పాలున్నది. చెరుకు కొట్టిన కూలి పైసలతో టికెట్టు కొని మనం చూసిన కొండలన్నీ కాశ్మీరువి, ఊటీవి, ఆ తర్వాత స్విట్జర్లాండువి. మన గుట్ట ఎప్పుడన్నా కనబడితే అది దొంగల స్థావరం.

బి. నర్సింగరావు 'ఆకృతి' ఈ లెక్కను తిరగేసింది. 'దాసి' (1988)లో గడీలోపలి వెట్టి ఆడబిడ్డను చూపించిన దర్శకుడే దక్కన్ బండల మీద ఈ డాక్యుమెంటరీ తీసిండు. హీరో లేడు. బండలే పాత్రలు. సుమారు 250 కోట్ల ఏండ్ల నాటి గ్రానైట్ ఎండకు, వానకు నెర్రెలిచ్చి, మూలలు అరిగి గుండ్రమైంది. కథ ఏదని అడగకండి. బండను బండగా ఓపికతో చూడండి.

మెచ్చుకుంటూనే ఒక మాట అడుగుతున్నం. బండ అందం సరే, దాన్ని పగలగొట్టిన చెయ్యి ఏది? గడీ గోడలకు, గుడి మెట్లకు రాయి తనంతట తాను నడిచి రాలేదు. మోసినోళ్లను ఎన్ని గుళ్లల్లో మెట్ల కాడనే ఆపిన్రు!

ఆ సినిమా మనమే తీయాలె. బోధన్‌లో గుట్ట కోసం వెతకనక్కరలేదు, చక్కెర ఫ్యాక్టరీ ఉన్నది. నిజాం కాలంలో, 1930లలో పుట్టింది. 2002లో ప్రైవేటుపరమైంది. 2015 డిసెంబర్‌లో మూతబడింది. కెమెరాను కదపకుండా ఆ మూసిన గేటు ముందు నిలబెట్టండి. పొద్దుగూకేదాకా ఉంచండి. ఆ పక్కనే పని పోయిన కార్మికుని మొఖం ఉంచండి. మాటలు అక్కరలేదు. ఇయ్యాల ఫోనులోనే కెమెరా ఉన్నది, ఏ దొరనూ అడగనక్కరలేదు.

రేపు బడిలో మేము పిల్లలను కిటికీ దిక్కు తిప్పి కూచోబెడతం. ముక్కోణాలు కాదు, గుండ్రటి బండలు గీయమంటం. బండ పక్కన సమ్మెట పట్టిన మనిషిని గీయడం మరువొద్దంటం.